ఒక్క నిమిషం, ఎవరూ కదలొద్దు

షార్జా, సజ్జా లేబర్ క్యాంపు, రూం నంబర్ నూట పద్నాలుగు.
ఆగస్టు. రాత్రి పదకొండున్నర.
మాటలన్నీ అయిపోయాయి.
కెమెరా ఆపేశాను, మైకు ఆపలేదు.
"ఒక్క నిమిషం ఎవరూ కదలొద్దు.
ఏసీ కూడా బంద్ చేస్తా" అన్నాను.
పదకొండు మంచాల మీంచి పదకొండు తలలు
నా వైపు తిరిగాయి,
అప్పు అడిగినవాణ్ణి చూసినట్టు.

అప్పే మరి.
ఆ నెలలో, ఆ రేకుల కింద
చల్లగాలిని మించిన రొక్కమేముంది?
అడిగేవాడైనా ఎవడు?
ఏసీ మెకానిక్ వీసా మీద దిగినవాడు.
పగలంతా కంప్రెసర్లకి ప్రాణం పోసి
రాత్రి అదే చేత్తో వాటి నోరు నొక్కేవాడు.

ప్రతి గదికీ తనదైన నిశ్శబ్దం ఉంటుంది.
మాటకీ మాటకీ మధ్య కోత పడితే
అతుకు వెయ్యడానికి ఆ గదిదే ముక్క కావాలి,
చొక్కా చిరిగితే
ఆ తానులో గుడ్డే వెతికినట్టు.
ఇది నాకెవరూ చెప్పలేదు.
మొదటి సినిమా పాడుచేసుకుని నేర్చుకున్నాను.

రెండోదానికీ అన్నీ నేనే.
రోల్లాలో ఐదు దిర్హాములకి కొన్న పసిపిల్ల బొచ్చుటోపీ
మైకు నెత్తికి తొడిగాను, షమాల్ గాలి దూరకుండా.
తుడుపుకర్ర చివర ఆ మైకు.
లెన్సులో ఇసుక చేరితే గడ్డం బ్రష్షు.
ఒక పెళ్లి వీడియో తీస్తే నెల రోజుల షూటింగు,
రెండు పుట్టినరోజులకి ఒక హార్డ్ డిస్కు.
సబ్‌టైటిళ్లు బంకు మంచం మీద బోర్లా పడుకుని కొట్టాను.
"ఏం జేస్తం తియ్యి" అన్న లస్మన్న మాటకి
మూడు రాత్రులు కూర్చున్నా ఇంగ్లీషు దొరకలేదు.
అక్కడ తెర అడుగు ఖాళీగా వదిలేశాను.

చూడ్డానికి తొమ్మిదిమంది వచ్చారు,
నలుగురు సినిమాలో ఉన్నవాళ్లే.
ఒక పెద్దమనిషి లేచి
"మ్యూజిక్ పెట్టలేదేం?" అన్నాడు.
నేను గొంతు సవరించుకునేలోపు లస్మన్న లేచాడు:
"ఏసీ బంద్ జేసి తీసిండు సార్."
అంతే, కూర్చున్నాడు.
అంతకన్నా మంచి సమీక్ష నాకు మళ్లీ రాలేదు.

పదహారేళ్లు. ఆరు సినిమాలు.
రెండిటిని ఎవరూ చూడలేదు.
ఒకదాన్ని నేనూ పూర్తిగా చూడలేదు, డిస్కు చచ్చిపోయింది.
మానేద్దామని కెమెరా రెండుసార్లు అమ్మాను,
మూడుసార్లు కొన్నాను.

చెక్కుచెదరకుండా మిగిలినవి ఆ నిమిషాలే.
చీటీలు అంటించి దాచాను:
ఖోర్ ఫక్కాన్, పడవ అడుగు గది.
అజ్మాన్ చేపల మార్కెట్, వేలానికి ముందు.
కార్గో ఆఫీసు వరండా, పెట్టె ఇంకా రాలేదు.

నూట పద్నాలుగుది మాత్రం పనికిరాలేదు.
పోశెట్టి గొణుగుతూ లెక్కపెట్టాడు,
ఒకటి నుంచి అరవై దాకా.
ముప్పై దగ్గర ఎవడిదో మోకాలు టక్కుమంది.
నలభై రెండులో ఇనప మంచం మీద చెమట చుక్క పడింది,
అదీ వినిపిస్తుంది.
కోప్పడ్డాను. ఇంకోసారి అన్నాను.
రఫీక్ నా మొహం చూడకుండా లేచి
ఏసీ వేశాడు.

మొన్న పోశెట్టి ఫోన్ చేశాడు.
వీసా క్యాన్సిలై వెళ్లి నాలుగేళ్లు.
మెట్‌పల్లి పక్కన పసుపు ఉడకబెడుతున్నాడట,
కళాయి దగ్గర్నుంచే మాట్లాడుతున్నాడు.
కొమ్ముల ధర చెప్పాడు, తిట్టాడు, నవ్వాడు.
ఆ తర్వాత,
"గా నిమిషం ఉన్నదా నీ తాన?
జెర ఇనిపియ్యరాదు."

స్పీకర్ దగ్గర ఫోన్ పెట్టాను.
గొణుగుడు. మోకాలు. చుక్క.
అటునుంచి ఉలుకూ పలుకూ లేదు.
లైను తెగిందేమో అనుకున్నాను.
అరవై అయింది, రికార్డింగు ఆగింది.
అటువైపు కళాయి కింద మంట చిటపట.
ఇంకాసేపు ఆగి అన్నాడు పోశెట్టి:

"ఇగ ఏసీ ఎయ్యి."